రెండు లీజులు, ఒక క్రషర్: టెక్కలి వైపు ఒక కొండ తగాదా

టెక్కలి డివిజన్‌లో ఒక కొండ. ఉత్తరపు వాలులో 4.7 హెక్టార్ల కలర్ గ్రానైట్ లీజు. దానికి 220 మీటర్ల ఎడంలో 3.9 హెక్టార్ల రోడ్ మెటల్, అంటే కంకర రాయి లీజు. ఆ రెండో లీజు రాయిని ఆడించే క్రషర్ కొండ దిగువన తారు రోడ్డుకు దగ్గర్లో ఉంది. కొండ మీద కురిసిన వాన గెడ్డగా, అంటే వాగుగా దిగి చెరువులో కలుస్తుంది. చెరువు కింద వరి, గెడ్డకు అటూ ఇటూ జీడి తోటలు. రెవెన్యూ గ్రామం కిలోమీటరుకు పైగా దూరం. కానీ ఆ గ్రామానికే చెందిన శివారు వలస ఒకటి, నలభై గడపలది, రోడ్ మెటల్ లీజు హద్దు రాయికి 270 మీటర్లలోనే ఉంది.

ఊరి పేరు, సర్వే నంబర్లు, పార్టీల పేర్లు ఇవ్వడం లేదు. నిజానికి ఇది ఒక్క ఫైలు కాదు. శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో క్వారీ తగాదాలు ఏ మలుపులు తిరుగుతాయో చూపడానికి నమూనా ఫైలుగా కూర్చి రాసింది. కొలతలు, సంఘటనలు నమూనా కోసం. చట్టం, సెక్షన్లు, గడువులు మాత్రం అసలువే.

ఇలాంటి తగాదాల్లో ఊరు ఓడిపోయేది న్యాయం లేక కాదు, తేదీలు దాటిపోయి. కొండ మీదికి పొక్లెయిన్ ఎక్కేసరికి కాగితాల మీద పని ఏనాడో అయిపోయి ఉంటుంది. ప్రతి అనుమతికీ దాన్ని ప్రశ్నించే చోటు వేరు, గడువు వేరు. ఆ గడువుల్లో సగం ఊరికి విషయం తెలియకముందే కరిగిపోతాయి.

కాగితాల వరస

చిన్నతరహా ఖనిజాల లీజులు 1966 నాటి ఆంధ్రప్రదేశ్ మైనర్ మినరల్ కన్సెషన్ రూల్స్ కింద నడుస్తాయి. ప్రభుత్వ భూమి అయితే తహసీల్దార్ నిరభ్యంతర పత్రం, మండల సర్వేయరు స్కెచ్, గనుల శాఖ తనిఖీ ముందు జరుగుతాయి. తర్వాత మైనింగ్ ప్లాన్ ఆమోదం, రాష్ట్ర పర్యావరణ ప్రభావ మదింపు సంస్థ అంటే సియా ఇచ్చే పర్యావరణ అనుమతి, కాలుష్య నియంత్రణ మండలి ఇచ్చే సీఎఫ్‌ఈ అంటే స్థాపనకు సమ్మతి, లీజు ఒప్పందం, సీఎఫ్‌ఓ అంటే నడపడానికి సమ్మతి, చివర పేలుడు పదార్థాల లైసెన్సు, గని తెరుస్తున్నట్టు గనుల భద్రత చూసే కేంద్ర సంస్థ డీజీఎంఎస్‌కు నోటీసు. క్రషర్‌కు సీఎఫ్‌ఈ, సీఎఫ్‌ఓ వేరే. క్వారీకి ఉన్నాయి కదా అని క్రషర్‌కు సరిపోవు.

అయిదు హెక్టార్ల లోపు లీజుకు పర్యావరణ అనుమతి అక్కర్లేదన్న వాదన కొండ దగ్గర ఇప్పటికీ వినిపిస్తుంది. 2012 ఫిబ్రవరి 27న దీపక్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు దానికి తెర దించింది. అంతకన్నా ముఖ్యం, అనుమతి ఎవరిచ్చారు, ఎప్పుడిచ్చారు అన్నది. 2016 జనవరి 15 నోటిఫికేషన్‌తో జిల్లా స్థాయి డియా సంస్థలు చిన్న లీజులకు అనుమతులిచ్చాయి. 2018 సెప్టెంబర్ 13న సతేంద్ర పాండే కేసులో జాతీయ హరిత ట్రిబ్యునల్, అంటే ఎన్‌జీటీ, ఆ ఏర్పాటును తప్పుపట్టింది. డియా ఇచ్చిన అనుమతులను సియాలు మళ్లీ పరిశీలించాలని కేంద్రం 2023 ఏప్రిల్ 28న చెప్పింది. అందుకే ఫైలు చేతికి రాగానే మొదట చూడాల్సింది అనుమతి పత్రం పైన ఉన్న సంస్థ పేరు, తేదీ. మన ఫైలులో గ్రానైట్ లీజుకు 2014లో అనుమతి వచ్చింది. రోడ్ మెటల్ లీజుది కొత్తది, సియా ఇచ్చింది. ఈ తేడా తర్వాత కేసు దారినే మార్చింది.

అర్జీలు, రాస్తారోకో

రోడ్ మెటల్ అనుమతి వచ్చిన ఎనిమిదో నెలలో యంత్రాలు దిగాయి. ఊరు చేసింది ఏ ఊరైనా చేసేదే: సోమవారం కలెక్టరేట్ గ్రీవెన్స్‌లో అర్జీ, ఆర్డీవోకు ఒకటి, గనుల శాఖ సహాయ సంచాలకుడికి (ఏడీ మైన్స్) ఒకటి, పంచాయతీ తీర్మానం, టిప్పర్ల ముందు బైఠాయింపు. అర్జీకి నంబరు వచ్చింది. "సంబంధిత శాఖకు పంపాం" అని మెసేజ్ వచ్చింది. గనుల శాఖ నుంచి "లీజు నిబంధనల ప్రకారమే నడుస్తోంది" అని జవాబు వచ్చింది. మూడు నెలలు గడిచాయి.

గ్రీవెన్స్ అర్జీ ఏ గడువునూ ఆపదు. అర్జీ ఇవ్వొద్దని కాదు, ఇవ్వాలి, రసీదు దాచాలి. కానీ జవాబు కోసం కూర్చోకూడదు.

పంచాయతీ తీర్మానం బలం కూడా ఎక్కువగా అంచనా వేసుకుంటారు. రాజ్యాంగం ఐదో షెడ్యూల్ కింద ప్రకటించిన గిరిజన ప్రాంతమైతే, అక్కడి పంచాయతీలకు వర్తించే 1996 పెసా చట్టం సెక్షన్ 4(కె), 4(ఎల్) ప్రకారం చిన్నతరహా ఖనిజాల లీజుకూ వేలానికీ గ్రామసభ లేదా పంచాయతీ సిఫార్సు ముందుగా ఉండి తీరాలి. 1997లో సుప్రీంకోర్టు ఇచ్చిన సమతా తీర్పు ప్రకారం అక్కడి ప్రభుత్వ భూమిని గిరిజనేతరులకు లీజుకివ్వడమే చెల్లదు. చిక్కేమిటంటే, మెళియాపుట్టి, మందస వైపు ఉన్న సవర గూడలు చాలా వరకు షెడ్యూల్డ్ ప్రాంతం బయట ఉన్నాయి. ఊరంతా గిరిజనులే ఉన్నా నోటిఫికేషన్‌లో గ్రామం పేరు లేకపోతే పెసా వర్తించదు. అలాంటి చోట తీర్మానం సాక్ష్యమే తప్ప అడ్డుకట్ట కాదు. దాన్ని సాక్ష్యంగానే రాయించాలి. "క్వారీ వద్దు" అన్న ఒక్క ముక్క కాదు. వలసలో ఎన్ని ఇళ్లు, చెరువు ఆయకట్టు ఎంత, గెడ్డ ఏ సర్వే నంబర్ల గుండా పోతుంది, పర్యావరణ అనుమతి ప్రతి పంచాయతీకి అందిందా లేదా, ఇవన్నీ తీర్మానంలో ఉండాలి.

బైఠాయింపు తర్వాత రెండు దెబ్బలు తగిలాయి. మొదటి దెబ్బలో రెండు కేసులు. భారతీయ న్యాయ సంహిత సెక్షన్ 126(2) కింద అక్రమ నిరోధం కేసు ఒకటి. భారతీయ నాగరిక్ సురక్షా సంహిత సెక్షన్ 126 కింద తహసీల్దార్ ముందు బైండోవర్, అంటే గొడవ చేయమని పూచీకత్తు రాయించుకోవడం, ఇంకొకటి. రెండు చట్టాల్లోనూ నంబరు 126 కావడంతో ఏ నోటీసు దేనిదో తెలియక ఒకదానికి వెళ్లి రెండోదానికి వెళ్లకపోయినవాళ్లు ఉన్నారు. రెండో దెబ్బ సివిల్ కోర్టు నుంచి వచ్చింది. లీజుదారు పదిమంది ఊరివాళ్ల మీద ఇంజంక్షన్ దావా వేసి, వాళ్ల మాట వినకుండానే తాత్కాలిక ఉత్తర్వు తెచ్చుకున్నాడు. దాన్ని చూపించి పోలీసు రక్షణ కోసం హైకోర్టులో రిట్ వేశాడు. ఆ రిట్‌లో ఊరివాళ్లను ప్రతివాదులుగా చేర్చలేదు.

దీనికి మందు ఉంది. తాత్కాలిక ఉత్తర్వు అందగానే సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 39 రూల్ 4 కింద దాన్ని ఎత్తివేయమని పిటిషన్ వేయాలి; రెండో పక్షం వినకుండా ఇచ్చిన ఉత్తర్వుపై 30 రోజుల్లో తేల్చేందుకు కోర్టు ప్రయత్నించాలని రూల్ 3-ఏ చెబుతుంది. హైకోర్టు రిట్‌లో తమనూ చేర్చమని ఇంప్లీడ్ పిటిషన్ వేసి, పర్యావరణ అనుమతిపై కేసు ఎక్కడ నడుస్తోందో చెప్పాలి. ఊరు ఎదురు దావా వేసి క్వారీనే ఆపిద్దామని చూస్తే మాత్రం ఎన్‌జీటీ చట్టం సెక్షన్ 29 అడ్డు వస్తుంది. ట్రిబ్యునల్ తేల్చాల్సిన విషయాల్లో సివిల్ కోర్టుకు అధికారం లేదు. జూనియర్ సివిల్ జడ్జి కోర్టులో ఏడాది తిరిగి ఈ సెక్షన్ దగ్గర ఆగిపోయే దావాలు తక్కువేం కాదు.

పది రూపాయల కాగితాలు

సమాచార హక్కు దరఖాస్తుకు మన రాష్ట్రంలో గ్రామ స్థాయి కార్యాలయంలో రుసుం లేదు, మండల స్థాయిలో 5 రూపాయలు, ఆపైన 10 రూపాయలు. జవాబుకు 30 రోజులు. అడిగేది స్పష్టంగా ఉండాలి. "క్వారీ వివరాలన్నీ ఇవ్వండి" అంటే మూడో పక్షం సమాచారం అని తిప్పికొడతారు. తహసీల్దార్‌ను నిరభ్యంతర పత్రం, దానికి ఆధారమైన వీఆర్వో, ఆర్‌ఐ నివేదికలు, స్కెచ్, సెటిల్‌మెంట్ ఫెయిర్ అడంగల్ నకలు అడగాలి. ఏడీ మైన్స్‌ను లీజు ఒప్పందం, ఆమోదించిన మైనింగ్ ప్లాన్, నెలవారీ ట్రాన్సిట్ పర్మిట్ల పరిమాణం. కాలుష్య నియంత్రణ మండలిని సీఎఫ్‌ఈ, సీఎఫ్‌ఓ షరతులు, తనిఖీ నివేదికలు. పర్యావరణ అనుమతి, దాని దరఖాస్తు, ప్రాథమిక సాధ్యత నివేదిక, లీజు హద్దుల పటమున్న కేఎంఎల్ ఫైలు కేంద్ర పర్యావరణ శాఖ పరివేశ్ పోర్టల్‌లో దొరుకుతాయి. జూన్ 1కి, డిసెంబర్ 1కి లీజుదారు ఇవ్వాల్సిన అర్ధ సంవత్సర షరతుల అమలు నివేదికలనూ అడగాలి. చాలా చోట్ల అవి ఇచ్చి ఉండరు. ఇవ్వకపోవడమే ఒక ఉల్లంఘన.

సెటిల్‌మెంట్ ఫెయిర్ అడంగల్ ఎందుకంటే, ఈ రెండు జిల్లాల్లో చాలా ఊళ్లు ఒకప్పటి జమీందారీలు. 1948 ఎస్టేట్ల రద్దు చట్టం తర్వాత జరిగిన సెటిల్‌మెంట్‌లోనే కొండకు, గెడ్డకు, చెరువుకు మొదటి వర్గీకరణ పడింది. ఇప్పటి ఆన్‌లైన్ భూమి రికార్డు వెబ్‌ల్యాండ్‌లో "ప్రభుత్వ భూమి" అని ఒక్క ముక్కే కనిపిస్తుంది. పాత అడంగల్‌లో అదే నంబరు కింద "కొండ పోరంబోకు", దాని సబ్‌డివిజన్ "గెడ్డ" అని ఉంటుంది. మన ఫైలులో లీజు స్కెచ్ మూలన గెడ్డ సబ్‌డివిజన్ 12 సెంట్లు లోపలికి వచ్చేసింది. సర్వేయరు స్కెచ్‌లో ఆ గీతే లేదు, సర్వే కొలతల పుస్తకం ఎఫ్‌ఎంబీలో ఉంది.

ఆ తర్వాత కేఎంఎల్ ఫైలును గూగుల్ ఎర్త్‌లో తెరిచారు. దరఖాస్తులో "సమీప ఆవాసం" అన్న గడిలో రెవెన్యూ గ్రామం పేరు, 1.3 కిలోమీటర్లు అని రాసి ఉంది. గ్రామం నడిబొడ్డు నుంచి కొలిస్తే అది అబద్ధం కాదు. కానీ వలస ఊసే లేదు. రూలర్ పెట్టి హద్దు స్తంభం నుంచి వలసలోని మొదటి ఇంటి పెణక దాకా గీత లాగితే 270 మీటర్లు. పాత ఉపగ్రహ చిత్రాల్లో కూడా ఆ ఇళ్లు ఉన్నాయి కాబట్టి లీజు వచ్చాక కట్టుకున్నారన్న వాదనకు చోటు లేదు. ఉత్తరాంధ్రలో వలసలు, పేటలు, కాలనీలు రెవెన్యూ గ్రామం పేరులో కలిసిపోయి ఉంటాయి. ఈ గడి నింపడంలో మోసం గానీ అలసత్వం గానీ జరిగేది సరిగ్గా ఇక్కడే. ఎవరి ఫైలు తెరిచినా మొదట చూడాల్సిన గడి ఇదే.

ఉపగ్రహ చిత్రాలను, ఫోన్ ఫొటోలను కోర్టుకు ఇచ్చేటప్పుడు సాక్ష్య అధినియమ్ 2023 సెక్షన్ 63(4) ధ్రువపత్రం జత చేయాలి. అది లేకపోతే చక్కటి సాక్ష్యం కూడా పక్కకు పోతుంది.

ఎక్కడ వేయాలి

పర్యావరణ అనుమతిపై అప్పీలు ఎన్‌జీటీ చట్టం 2010 సెక్షన్ 16 కింద వేయాలి. మనకు చెన్నైలోని దక్షిణ మండల బెంచ్. అనుమతి తెలియజేసిన రోజు నుంచి 30 రోజులు, తగిన కారణం చూపితే మరో 60. మొత్తం 90. తొంభై ఒకటో రోజున ఎంత న్యాయమైన కారణమున్నా ట్రిబ్యునల్ తీసుకునే వీల్లేదు. పర్యావరణ తగాదాలపై సెక్షన్ 14 కింద దరఖాస్తుకు కారణం మొదట తలెత్తిన రోజు నుంచి ఆరు నెలలు, పైన 60 రోజులు. పరిహారానికి సెక్షన్ 15, అయిదేళ్లు. సీఎఫ్‌ఈ, సీఎఫ్‌ఓలపై వాయు, జల కాలుష్య చట్టాల కింద అప్పీలు అథారిటీకి 30 రోజులు. భూమి వర్గీకరణ, పెసా, తహసీల్దార్ విధానం మీద అయితే హైకోర్టు రిట్.

శ్రీకాకుళం జిల్లాకు అప్పీలు దారి కొత్త కాదు. సోంపేట బీల థర్మల్ ప్లాంటుకు ఇచ్చిన పర్యావరణ అనుమతిని అప్పటి జాతీయ పర్యావరణ అప్పీలు అథారిటీ 2010 జూలై 14న కొట్టివేసింది. అదే రోజు అక్కడ పోలీసు కాల్పుల్లో ఇద్దరు చనిపోయారు. ఆ అథారిటీ స్థానంలోనే ఎన్‌జీటీ వచ్చింది.

మన ఫైలులో అనుమతి వచ్చి ఎనిమిది నెలలు, ఆపైన అర్జీల్లో మూడు నెలలు. పైకి చూస్తే సెక్షన్ 16 చచ్చిపోయింది. మిగిలింది ఒక్క ప్రశ్న: "తెలియజేసిన రోజు" ఏది? పర్యావరణ అనుమతి వివరాలను లీజుదారు పత్రికల్లో ప్రకటించాలి, ప్రతిని పంచాయతీకి ఇవ్వాలి. పంచాయతీ దాన్ని 30 రోజులు ప్రదర్శించాలి. ఇవన్నీ 2006 పర్యావరణ ప్రభావ మదింపు నోటిఫికేషన్‌లో ఉన్న బాధ్యతలు. ఈ బాధ్యతలు నెరవేరితేనే తెలియజేసినట్టని 2013లో సేవ్ మోన్ రీజియన్ ఫెడరేషన్ కేసులో ఎన్‌జీటీ చెప్పింది. వాటిలో ఏది ముందు పూర్తిగా జరిగితే గడియారం ఆ రోజు నుంచే తిరుగుతుందని కూడా అదే తీర్పు. కాబట్టి వెబ్‌సైట్‌లో పెట్టిన రోజే లెక్క అని లీజుదారు వాదించాడు.

ఊరికి అక్కరకొచ్చింది పంచాయతీ కార్యదర్శి ఇచ్చిన ఒక్క లైను జవాబు: "అట్టి అనుమతి ప్రతి ఈ కార్యాలయమునకు అందియుండలేదు." దానికి జతగా అనుమతి వచ్చిన తర్వాతి ఇన్‌వర్డ్ రిజిస్టర్ పేజీల నకళ్లు. ఊరికే నోటిమాట జవాబైతే తర్వాత ఎవరైనా ఒత్తిడి తెచ్చి మార్పించవచ్చు. వరస నంబర్లతో నిండిన రిజిస్టర్ పేజీల మధ్య కొత్త ఎంట్రీ ఇరికించడం కుదరదు. పత్రిక ప్రకటన లీజుదారు చూపించాడు, కానీ అందులో అనుమతి ఎక్కడ చూడొచ్చో రాయలేదు.

అయినా ఒక్క తాడునే నమ్ముకోలేదు. అనుమతిపై సెక్షన్ 16 అప్పీలు, ఆలస్యం మన్నించమని పిటిషన్‌తో. విడిగా, షరతుల ఉల్లంఘన మీద సెక్షన్ 14, 15 దరఖాస్తు. గడువు దాటిందని అప్పీలు కొట్టేసినా రెండోది నిలుస్తుంది. పరిహారం అడగని దరఖాస్తుకు రుసుం 1,000 రూపాయలు; పరిహారం అడిగితే అడిగిన మొత్తంలో ఒక శాతం. దారిద్ర్యరేఖకు దిగువన ఉన్నవాళ్లకు రుసుం లేదు. తెలుగు పత్రాలన్నిటికీ ఇంగ్లిష్ అనువాదం పెట్టాలి. ఈ అనువాదాల దగ్గరే రెండు మూడు వారాలు పోతాయి, ముందే మొదలుపెట్టాలి.

అర్జీదారుల ఎంపికలో కూడా జాగ్రత్త ఉండాలి. వలసలో పగుళ్లు పడిన ఇంటి యజమాని ఒకరు, జీడి తోట రైతు ఒకరు, చెరువు ఆయకట్టుదారు ఒకరు చాలు. పక్క కొండ క్వారీ యజమాని డబ్బుతో నడిచే కేసు అయితే అది ఎప్పుడో బయటపడుతుంది. బయటపడిన రోజున అసలు బాధితుల మాట కూడా చెల్లదు.

క్లస్టర్ వాదన ఎలా పోయింది

న్యాయవాదులు మొదట నమ్ముకున్నది క్లస్టర్ వాదన. ఒక లీజు అంచు నుంచి ఇంకో లీజు అంచుకు 500 మీటర్ల లోపు ఉంటే, ఒకే తరహా ఖనిజ ప్రాంతమైతే, విస్తీర్ణాలు కలిపి చూడాలి. 4.7, 3.9 కలిపితే 8.6 హెక్టార్లు. అయిదు దాటింది కాబట్టి పర్యావరణ ప్రభావ నివేదిక, ప్రజాభిప్రాయ సేకరణ ఉండాలి. పెద్ద కొండను 4.9, 4.8 హెక్టార్ల ముక్కలుగా కోసి తీసుకోవడం ఈ వ్యాపారంలో అందరికీ తెలిసిన ఎత్తే కాబట్టి వాదన గట్టిదే అనిపిస్తుంది.

అది నిలవలేదు. గ్రానైట్, రోడ్ మెటల్ ఒకే తరహా కావని లీజుదారు అన్నాడు. ట్రిబ్యునల్ దాని జోలికి కూడా పోలేదు. 2016 జనవరి 15 నాటికే పర్యావరణ అనుమతి ఉన్న లీజులను, మూడేళ్లకు పైగా పని ఆగిన లీజులను క్లస్టర్ విస్తీర్ణం లెక్కలో కలపకూడదని అదే ఏడాది జూలై 1 సవరణ చెబుతోంది. గ్రానైట్ లీజుది 2014 అనుమతి. అది తీసేస్తే మిగిలింది 3.9. అందుకే పక్క లీజు కనబడగానే కూడిక మొదలెట్టకుండా ముందు దాని అనుమతి తేదీ తెప్పించుకోవాలి.

కేసును నిలబెట్టింది 2006 నోటిఫికేషన్ 8వ పేరాలోని ఆరో అంశం. ముఖ్యమైన సమాచారం కావాలని దాచినా, తప్పుదారి పట్టించినా దరఖాస్తు తిరస్కరించవచ్చు, ఇచ్చిన అనుమతి రద్దు చేయవచ్చు. దాచింది రెండు: 270 మీటర్లలోని వలస, స్కెచ్‌లో మాయమైన గెడ్డ. రెండూ ప్రభుత్వ కాగితాలతోనే రుజువయ్యాయి.

పేలుళ్లు, పగుళ్లు, దుమ్ము

ఊరివాళ్ల ఆవేశమంతా పగుళ్ల మీద ఉంటుంది. రుజువు చేయడం మాత్రం అన్నిటికన్నా కష్టం ఇక్కడే. మట్టి, సున్నంతో కట్టిన పాత గోడలు పేలుడు లేకపోయినా చీలతాయి. పునాది కుంగినా చీలతాయి. "క్వారీ వచ్చాకే" అంటే సరిపోదు.

డీజీఎంఎస్ 1997 సాంకేతిక సర్క్యులర్ 7 ప్రకారం, క్వారీ యజమానికి చెందని నివాస గృహాల దగ్గర నేల కంపన వేగం 8 హెర్ట్జ్‌లోపు పౌనఃపున్యంలో సెకనుకు 5 మిల్లీమీటర్లు, 8 నుంచి 25 హెర్ట్జ్ మధ్య 10, ఆపైన 15 దాటకూడదు. ఈ కంపనం ఒక్కో డిలేలో, అంటే ఒకేసారి పేలే ఒక్కో విడతలో, ఉన్న మందు బరువును బట్టి, దూరాన్ని బట్టి ఉంటుంది. దూరాన్ని మందు బరువు వర్గమూలంతో భాగిస్తారు. 270 మీటర్లలో డిలేకి 25 కిలోలైతే 54 వస్తుంది. 100 కిలోలైతే 27కి పడిపోతుంది. సంఖ్య తగ్గేకొద్దీ కంపనం పెరుగుతుంది. కాబట్టి అడగాల్సింది రోజుకు ఎంత మందు వాడారని కాదు, డిలేకి ఎంత అని. అది బ్లాస్టర్ రాసే రికార్డులో ఉంటుంది.

వలసలో చేయగలిగింది ఇది. ప్రతి పగులుకు అడ్డంగా ప్లాస్టర్ ఆఫ్ పారిస్ పట్టీ వేసి, మీద తేదీ రాసి, పక్కన స్కేలు పెట్టి ఫొటో తీయాలి. పట్టీ చీలితే పగులు ఇంకా కదులుతోందని అర్థం. కారణం ఏమిటో అది చెప్పదు, కదలిక ఎప్పుడన్నది చెబుతుంది. దానికి జోడుగా నోట్‌బుక్‌లో పేలుడు సమయం, సైరన్ వినిపించిందా, రాయి ఎక్కడ పడింది. చీలిన తేదీలు, పేలుడు తేదీలు కలిస్తే అప్పుడు ట్రిబ్యునల్ వేసే కమిటీ యంత్రం పెట్టి కొలిచేందుకు కారణం దొరుకుతుంది. ఎగిరిపడిన రాళ్లను దాచుకోవడం కన్నా, పడిన చోటనే ఫొటో తీసి హద్దు రాయికి దూరం కొలవడం మేలు. 1961 మెటలిఫెరస్ మైన్స్ రెగ్యులేషన్స్‌లో రెగ్యులేషన్ 164 ప్రమాద మండలాన్ని 300 మీటర్లుగా చూస్తుంది. ఆ లోపల ఇళ్లున్నప్పుడు ప్రత్యేక అనుమతి లేకుండా పెద్ద పేలుళ్లు చేయకూడదు. వలస సరిగ్గా ఆ లోపలే ఉంది.

క్రషర్ దుమ్ముకు కొలమానం వేరు. యంత్రానికి 3 నుంచి 10 మీటర్ల దూరంలో గాల్లో తేలే ధూళి ఘనపు మీటరుకు 600 మైక్రోగ్రాములు మించకూడదు. ఊళ్లో అయితే పీఎం10 ఇరవై నాలుగు గంటల సగటు 100. ఈ రెండూ కలిపేసి రాసిన ఫిర్యాదులు మొదటి తనిఖీలోనే తేలిపోతాయి. పైగా తనిఖీ రోజున జా క్రషర్ ఒక్కటే తిప్పి, కోన్ క్రషర్, స్క్రీన్లు ఆపేస్తారు, రోడ్డంతా ట్యాంకర్‌తో తడుపుతారు. పంచనామాలో ఏ యంత్రాలు నడుస్తున్నాయి, గంటకు ఎన్ని టన్నుల ఫీడ్ అన్నది రాయించకపోతే ఆ కొలతకు విలువ లేదు. రాత్రిపూట నడపడం లేదని చెప్పే క్రషర్‌కు కరెంటు మీటర్ లోడ్ వివరాలు తెప్పించమని ట్రిబ్యునల్‌నే కోరడం అన్నిటికన్నా సూటి దారి.

గొయ్యి లెక్క

షరతుల ఉల్లంఘన దరఖాస్తులో పరిమాణం లెక్క కూడా పెట్టారు. రోడ్ మెటల్ గొయ్యి పొడవు 80, వెడల్పు 50, సగటు లోతు 6 మీటర్లు అనుకుంటే 24,000 ఘనపు మీటర్ల రాయి పోయింది. పర్మిట్లు 15,000కే ఉన్నాయి. ఇక్కడ తొందరపడి 9,000 దొంగ రాయి అని రాస్తే ఎదుటివాళ్లు పట్టుకుంటారు. పర్మిట్ పలిగిన రాయికా, కొండలో ఉన్న రాయికా? పలిగిన రాయి ఉబ్బుతుంది కాబట్టి ఘనపరిమాణాలు పోల్చకూడదు. టన్నుల్లోకి మార్చాలి. సాంద్రత 2.6 వేసుకుంటే గొయ్యి 62,400 టన్నులు. పై మట్టిని విడిగా తీసేయాలి. గ్రానైట్‌లో ఇంకో చిక్కుంది. పర్మిట్ బ్లాకుకే ఉంటుంది, వృథా రాయి డంపులో ఉండాలి. డంపు కొలవకుండా గొయ్యి కొలిస్తే లెక్క తప్పుతుంది. డంపు లేదంటే మాత్రం అది క్రషర్‌కు పోయిందన్నమాట, దానికి పర్మిట్ వేరే కావాలి.

పర్మిట్ లేకుండా తీసిన రాయికి గనుల చట్టం సెక్షన్ 21(5) కింద ఖరీదు వసూలు చేయవచ్చు. అనుమతి పరిమితి దాటి తవ్వినదానికీ ఇదే సెక్షన్ వర్తిస్తుందని 2017 ఆగస్టు 2 కామన్ కాజ్ తీర్పు చెప్పింది. లీజుదారును నిజంగా కదిలించేది పగుళ్ల ఫొటోలు కాదు, ఈ లెక్క.

కమిటీ వచ్చిన రోజు

ట్రిబ్యునల్ సంయుక్త కమిటీ వేసింది: జిల్లా యంత్రాంగం, కాలుష్య నియంత్రణ మండలి, గనుల శాఖ, సియా ప్రతినిధులు. తీర్పు సగం ఈ కమిటీ నివేదికలోనే ఉంటుంది. ముందురోజు సాయంత్రం ఫోన్‌లో కబురు వచ్చింది. ఊళ్లో వందమంది పోగై నినాదాలు చేస్తే కమిటీ గంటలో జీపెక్కేస్తుంది, "శాంతిభద్రతల దృష్ట్యా" అని నివేదికలో ఒక వాక్యం పడుతుంది. ఇక్కడ ముగ్గురే వెళ్లారు. ఒక్క పేజీ పటం: హద్దు స్తంభాలు, వలస, గెడ్డ, కొలతలు. ఎఫ్‌ఎంబీ నకలు. పట్టీల ఫొటోల పుస్తకం. హద్దు స్తంభం నుంచి వలస దాకా టేపు పట్టి కొలిపించి, ఆ కొలత పంచనామాలో పడేదాకా అక్కడే ఉన్నారు. కమిటీ కొలిచింది 268 మీటర్లు.

నివేదిక మీద అభ్యంతరాలు విడిగా దాఖలు చేయకపోతే ఒప్పుకున్నట్టే లెక్క. ఇందులో దుమ్ము కొలత క్రషర్ సగం సామర్థ్యంలో తీసినది. అది అభ్యంతరంగా వెళ్లింది, మళ్లీ కొలవమన్నారు.

ఫలితం ఊరు అడిగినట్టు రాలేదు. రోడ్ మెటల్ అనుమతిని పక్కనపెట్టి సియా మళ్లీ పరిశీలించాలన్నారు. అప్పటిదాకా తవ్వకం ఆగింది. ప్రజాభిప్రాయ సేకరణ జరగలేదు. అయిదు హెక్టార్ల లోపు బీ2 తరగతి (చిన్న ప్రాజెక్టుల) లీజు కాబట్టి చట్టం ప్రకారం అది తప్పనిసరి కాదు. స్థల పరిశీలన తర్వాత కొత్త అనుమతి వచ్చింది: గెడ్డ వైపు, వలస వైపు కలిపి 1.2 హెక్టార్లు వదిలేయాలి, మిగిలిన చోట పేలుడుకు డిలేకి మందు పరిమితి, సైరన్, నెలనెలా కంపన కొలత. క్రషర్ చుట్టూ గాలికి అడ్డుగోడ, కన్వేయర్లకు మూత, నీళ్లు చిమ్మే ఏర్పాటు. గ్రానైట్ లీజు ఏమీ కాకుండా బయటపడింది.

కొత్త అనుమతి అంటే కొత్త గడువు కూడా. ఆ ప్రతి పంచాయతీకి ఏ రోజు అందిందో ఇన్‌వర్డ్ నంబరుతో సహా ఈసారి ముందే రాసిపెట్టుకున్నారు. సుప్రీంకోర్టుకు వెళ్లాలంటే సెక్షన్ 22 కింద 90 రోజులు. ఇరువైపులా వెళ్లలేదు.

బైఠాయింపు కేసు ఇంకా నడుస్తోంది. అక్రమ నిరోధం రాజీ కుదిరే నేరమే. లోక్ అదాలత్‌లో ముగించుకోవచ్చు. కానీ ఛార్జిషీటులో అల్లరి మూక సెక్షన్ కూడా చేర్చారు, దానికి రాజీ లేదు. ఆ సెక్షన్ ఎత్తేయించాలంటే హైకోర్టుకు వెళ్లాలి. పగుళ్ల పరిహారం కింద ఆరు ఇళ్లవాళ్లు సెక్షన్ 15 దరఖాస్తు వేశారు, తెల్ల రేషన్ కార్డు జత చేసి, రుసుం లేకుండా. పట్టీల ఫొటోలున్న ఇళ్లు ఆ ఆరే.